ఆటోగైరోలో ప్రొపెల్లరు ఎత్తు సంగతి

సంపాదకులకు,

మీ ఆదివారం అనుబంధంలో రెండు సీట్ల ఆటోగైరో మీద వచ్చిన వ్యాసం చదివాం. బొమ్మలు బాగున్నాయి. అయితే అందులో మూడు మాటలు సరిదిద్దాలి. ఒకటి, ఇది చిన్న హెలికాప్టర్ అన్నది. రెండు, ఉన్నచోటు నుంచే నిట్టనిలువుగా లేస్తుందన్నది. మూడు, ఇంజిను ఆగినా ప్రమాదం ఉండదు కాబట్టి వెల్డింగ్ తెలిసిన యువకులు షెడ్డులోనే తయారు చేసుకోవచ్చన్నది. మొదటి రెండింటితో పెద్ద నష్టం లేదు. మూడోది మాత్రం ప్రాణాల మీదికి తెచ్చేది. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాం, కుదిస్తే కుదించండి గానీ అంకెలు తీసేయకండి.

ఆటోగైరో పైన తిరిగే రోటారుకు, అంటే పొడవాటి బ్లేడ్ల జతకు, గాల్లో ఇంజినుతో ఏ సంబంధమూ ఉండదు. ఇంజిను వెనకున్న ప్రొపెల్లరును తిప్పి బండిని ముందుకు తోస్తుంది. వెనక్కి కాస్త వాలి ఉన్న రోటారులోకి గాలి కిందినుంచి దూరి, తిరునాళ్లలో అమ్మే కాగితం గాలిమరలా దాన్ని తిప్పుతుంది. స్పెయిన్ ఇంజినీరు హువాన్ డి లా సియెర్వా మొదట కట్టిన యంత్రాలు పక్కకు బోర్లాపడ్డాయి. కారణం సులువు. ముందుకు వెళ్తున్న బ్లేడు మీద గాలివేగం ఎక్కువ, వెనక్కి వస్తున్న దాని మీద తక్కువ. అందువల్ల ఒక పక్క లిఫ్టు, అంటే పైకెత్తే బలం, పెరుగుతుంది. బ్లేడు మొదట్లో కీలు పెట్టి పైకీ కిందికీ ఆడనిచ్చాక 1923 జనవరిలో మాడ్రిడ్ దగ్గరి గెటాఫేలో ఆయన సీ.4 అనే యంత్రం సరిగ్గా ఎగిరింది. నేటి రెండు సీట్ల యంత్రాల్లో రెండు బ్లేడ్లూ ఒకే బోల్టు మీద తక్కెడ కోలలా ఊగుతాయి. దాన్నే టీటర్ బోల్టు అంటాం.

నిట్టనిలువుగా లేవడం మామూలు ఆటోగైరోకు రాదు. నేల మీద ఉండగా ప్రీరొటేటర్ అనే క్లచ్చుతో ఇంజిను నుంచి రోటారుకు తాత్కాలికంగా శక్తి ఇచ్చి నిమిషానికి 200 చుట్ల దాకా తిప్పుతారు. ఆ సేపంతా స్టిక్ (రోటారును వాల్చడానికి పైలట్ చేతిలో ఉండే కర్ర) ముందుకు, బ్రేకు బిగించి ఉండాలి. తర్వాత క్లచ్చు వదిలి, స్టిక్ పూర్తిగా వెనక్కి లాగి, బ్రేకు వదిలి, థ్రాటిల్ మెల్లగా పెంచాలి. పరుగులో చుట్లు పెరుగుతాయి, ముందు చక్రం లేస్తుంది, అప్పుడు స్టిక్‌ను కాస్త ముందుకు వదలాలి. ఇక్కడ జరిగే తప్పు దాదాపు ఎప్పుడూ ఒకటే: రోటారు 120 చుట్ల దగ్గర ఉండగానే తొందరపడి థ్రాటిల్ నొక్కేయడం. బండి వేగం పెరిగిపోతుంది, రోటారు చుట్లు వెనకబడతాయి. వెనక్కి వచ్చే బ్లేడు స్టాల్ అయి, అంటే లిఫ్టు కోల్పోయి, కిందికి దిగుతుంది, స్టిక్ చేతిలో దబదబా కొట్టుకుంటుంది, మరో రెండు సెకన్లలో బ్లేడు తోకను నరికేస్తుంది. స్టిక్ కొట్టుకోవడం మొదలవగానే థ్రాటిల్ మూసి, స్టిక్ ముందుకు తోసి, పరుగు మానుకోవాలి. కొత్తవాళ్లు దీన్ని గతుకుల నేల అనుకుని ఇంకా థ్రాటిల్ ఇస్తారు.

ఇక అసలు విషయం. వ్యాసం సగం పైగా ఇంజిను గురించే ఉంది. రోటాక్స్ 912 యూఎల్ఎస్, 100 హార్స్‌పవర్, మంచి ఇంజినే. కానీ రెండు సీట్ల ఆటోగైరో డిజైన్‌లో ముందు అడగాల్సిన ప్రశ్న వేరే ఉంది: ప్రొపెల్లరు తోసే గీత, మొత్తం బండి గరిమనాభికి (బండి బరువుకు కేంద్రమైన బిందువుకు) ఎంత పైన లేదా ఎంత కింద పోతోంది?

ఒక ఉదాహరణ తీసుకుందాం. మనుషులతో కలిపి బరువు 450 కిలోలు, తోపు 150 కిలోలు, తోపు గీత గరిమనాభికి 20 సెంటీమీటర్ల పైన ఉందనుకోండి. ముక్కును కిందికి వంచే భ్రామకం (తిప్పే బలం) 150 × 0.2, అంటే 30 కిలోగ్రామ్-మీటర్లు. బండి నిలకడగా ఎగరాలంటే దీన్ని ఎవరో ఒకరు ఆపాలి. అడ్డు తోక లేని బండిలో ఆ పని రోటారుదే. దాని 450 కిలోల లిఫ్టు గరిమనాభికి దాదాపు 6.7 సెంటీమీటర్లు ముందుగా పోయి ముక్కును పైకెత్తి పడుతుంది. చూడ్డానికి అంతా సర్దుకున్నట్టే ఉంటుంది. ఇప్పుడు కింది నుంచి గాలి తోసిందనుకోండి. లిఫ్టు పెరిగి ముక్కు పైకి పోతుంది, దాంతో లిఫ్టు ఇంకా పెరుగుతుంది. అస్థిరత అంటే ఇదే. పైలట్ కంగారుగా స్టిక్ ముందుకు తోస్తాడు, బండి కిందికి తూలుతుంది, మళ్లీ లాగుతాడు. ప్రతి ఊపూ ముందటి దానికన్నా పెద్దది. ఒక ఊపు కొసన రోటారు మీద బరువు దాదాపు సున్నా అవుతుంది. రోటారు లిఫ్టు పోయింది గానీ ప్రొపెల్లరు తోపు పోలేదు. ఆ 30 కిలోగ్రామ్-మీటర్లను అడ్డుకునేది ఇక ఏదీ లేదు. ముక్కు కిందికి దొర్లుతుంది, బరువు లేని రోటారు చుట్లు పడిపోతాయి, బ్లేడు వెనక్కి వాలి తోకనో ప్రొపెల్లరునో కొడుతుంది. ఆ తర్వాత చేసేదేమీ ఉండదు. ఇదంతా ఒకటి రెండు సెకన్ల పని, ఇందులో ఇంజిను మాత్రం ఆగలేదని గమనించాలి. "ఇంజిను ఆగినా దిగుతుంది" అన్న మాట నిజమే, కానీ ఆటోగైరోలు మనుషుల్ని చంపింది ఎక్కువగా ఇంజిను నడుస్తుండగానే.

తోపు గీతను గరిమనాభికి 5 సెంటీమీటర్ల కిందికి తెస్తే కథ తిరగబడుతుంది. అప్పుడు రోటారు లిఫ్టు గరిమనాభికి కొంచెం వెనకగా పోతుంది. గాలి తోపుకు ముక్కు తనంతట తానే కిందికి వచ్చి లిఫ్టు తగ్గిస్తుంది. బ్రిటన్‌లో వరస ప్రమాదాల తర్వాత అక్కడి పౌర విమానయాన సంస్థ గ్లాస్గో విశ్వవిద్యాలయంతో పరిశోధన చేయించింది. రెండు సీట్ల వీపీఎం ఎం16కు పరికరాలు బిగించి ఎగరేసి కొలతలు కూడా తీసుకున్నారు. తేలింది ఇదే: స్థిరత్వాన్ని అన్నిటికన్నా ఎక్కువగా శాసించేది తోపు గీతకూ గరిమనాభికీ మధ్య ఎత్తు తేడా. ఆటోగైరోల డిజైన్‌కు అక్కడున్న సెక్షన్ టీ నిబంధనల్లోకి ఆ తేడా రెండంగుళాలు, అంటే సుమారు 5 సెంటీమీటర్లు మించరాదన్న షరతు చేరింది.

మరి అంత పైన ఎందుకు పెట్టారు అంటారేమో. ప్రొపెల్లరు 1.7 మీటర్ల వ్యాసం ఉంటుంది, దాని కింద తోకను మోసే కీల్ గొట్టం పోవాలి, కీల్ నేలకు తగలకూడదు. దాంతో ఇంజిను పైకి పోతుంది. సీట్లు మాత్రం ఎక్కడానికి సులువుగా కింద ఉంటాయి. రెండో మనిషిని, పెట్రోలు ట్యాంకును కూడా కింద పెట్టేసరికి గరిమనాభి ఇంకా దిగుతుంది. పరిష్కారం ఖరీదైనదేమీ కాదు, అందం కాస్త తగ్గుతుందంతే: సీట్లు ఎత్తాలి, లాండింగ్ గేరు కాళ్లు పొడుగు చేయాలి, కీల్‌ను ప్రొపెల్లరు దగ్గర కిందికి వంచాలి.

తోక మాటకొస్తే, గ్లాస్గో లెక్కల ప్రకారం దానికన్నా గరిమనాభి ఎత్తు సరిచేయడమే ఎక్కువ ఫలితమిస్తుంది. అయినా అడ్డు తోక లేని బండి వద్దనే మేమంటాం, ఊపును అణచడానికి అది కావాలి. పై ఉదాహరణలో 30 కిలోగ్రామ్-మీటర్లను 2.5 మీటర్ల వెనకున్న తోక ఒక్కటే మోయాలంటే 12 కిలోల కింది లాగుడు పుట్టించాలి. గంటకు 100 కిలోమీటర్ల దగ్గర ఒక చదరపు మీటరు తోకకు అది సులువు. 50 దగ్గర గాలి ఒత్తిడి నాలుగో వంతుకు పడిపోతుంది, తోక స్టాల్ అంచుకు చేరుతుంది. అందుకే తోకను ప్రొపెల్లరు గాలి నేరుగా తగిలేచోట పెడతారు. పవర్ పెరిగినప్పుడే దాని బలమూ పెరుగుతుంది. తోపు గీత తప్పును కప్పిపుచ్చడానికి మాత్రం తోక పెట్టకూడదు.

కొనేవాళ్లయినా కట్టేవాళ్లయినా గరిమనాభి ఎత్తును కాగితం మీద నమ్మకుండా కొలవాలి. బ్లేడ్లు విప్పి బండిని టీటర్ బోల్టు నుంచి గట్టి దూలానికి వేలాడదీయండి. బోల్టు నుంచి తూకపు గుండు వదిలి ఆ నిలువు గీతను పక్కనుంచి బండి మీద గుర్తు పెట్టండి. తర్వాత మరో గట్టి బిందువు నుంచి వేలాడదీసి రెండో గీత వేయండి. రెండూ కలిసేచోటే గరిమనాభి. గీతల మధ్య కనీసం 25 డిగ్రీలైనా కోణం ఉండాలి. లేకపోతే చిన్న తప్పు పెద్దదై కనిపిస్తుంది. మనుషుల బదులు ఇసుక సంచులు కట్టాలి. కూర్చున్న మనిషి గరిమనాభి సీటుకు సుమారు 25 సెంటీమీటర్ల పైన ఉంటుంది కనుక సంచులను సీట్లో పరిస్తే కొలత తప్పు. సంచులను ఆ ఎత్తుకు లేపి కట్టండి. ముందు సీట్లో ఒక్కరే, ఇద్దరూ, ట్యాంకు నిండుగా, ట్యాంకు అడుగంటి, ఇలా నాలుగు రకాలుగా చూడాలి. 70 లీటర్ల పెట్రోలంటే 50 కిలోలు. ముందూ వెనకా సీట్లున్న అమరికలో వెనక సీటు మాస్టు (రోటారును మోసే నిలువు స్తంభం) దగ్గరే ఉండడం వల్ల రెండో మనిషి ఎక్కినా ముందు వెనకల తూకం పెద్దగా మారదు. పక్కపక్క సీట్లలో ఆ సౌకర్యం లేదు. పైగా వెడల్పాటి క్యాబిన్ వెనక తోకకు గాలి సరిగా అందదు.

బ్లేడ్లు ఇంట్లో చేసుకోవచ్చన్న వాక్యం తొలగించాల్సిందే. 8.4 మీటర్ల రోటారు నిమిషానికి 360 చుట్లు తిరుగుతుంటే బ్లేడు కొస సెకనుకు దాదాపు 158 మీటర్ల వేగంతో పోతుంది. బ్లేడు బరువు 15 కిలోలనుకుంటే, మొదట్లోని బోల్టుల మీద లాగుడు నాలుగున్నర టన్నులు. బోల్టు రంధ్రం అంచున గీత పడితే చాలు, పగులు అక్కణ్నుంచే మొదలవుతుంది. బ్లేడు వెడల్పులో బరువు కేంద్రం ముందంచు నుంచి నాలుగో వంతు దూరం దాటి వెనక్కి జరగకూడదు, జరిగితే గాల్లో ఫ్లటర్, అంటే అదుపు తప్పిన అదురు, వస్తుంది. ఇక పురుగులు. సాయంత్రం ఎగిరితే ముందంచుకు పురుగులు అంటుకుంటాయి, డ్రాగ్ (గాలి అడ్డగింపు) పెరిగి రోటారు చుట్లు తగ్గుతాయి. తడిబట్టతో తుడవడం ఎగరడానికి ముందు చేసే తనిఖీలో భాగమే.

హైదరాబాదు శివార్లలోనూ అరకులోనూ విహారాలు నడపాలని వ్యాసంలో సూచించారు. బేగంపేట ఎత్తు 531 మీటర్లు. మేలో 42 డిగ్రీల దగ్గర అక్కడి గాలి సాంద్రత ప్రామాణిక సముద్రమట్టపు విలువలో 86 శాతమే ఉంటుంది, 1,550 మీటర్ల కొండ మీద ఉన్నంత పలచన. అరకులో ఆ పలచదనానికి 30 డిగ్రీలే చాలు. 100 హార్స్‌పవర్ ఇంజిను సుమారు 85 మాత్రమే ఇవ్వగలదు. రోటారు మాత్రం 8 శాతం వేగంగా తిరుగుతుంది, అది సహజమే, పైలట్ బెదరనక్కర్లేదు. ఖాళీ బండి 250 కిలోలు, పరిమితి 450 అయితే మిగిలేది 200. చెరో 80 కిలోల ఇద్దరు కూర్చుంటే పెట్రోలుకు 40 కిలోలు, అంటే 55 లీటర్లు. 560 కిలోల పరిమితి ఉన్న కొత్త మోడళ్లలో కాగితం మీద వెసులుబాటు ఉంది గానీ అంత బరువుతో మే మధ్యాహ్నం ఎగరడం తెలివైన పని కాదు. బ్రోషర్‌లో 120 మీటర్ల పరుగని ఉంటే 200 మీటర్లు చేతిలో ఉంచుకోవాలి.

పెట్రోలు సంగతి వ్యాసంలో అసలు లేదు. 912 యూఎల్ఎస్‌కు 95 ఆక్టేన్ కావాలి, ఇథనాల్ 10 శాతం దాకానే తయారీదారు అనుమతి. మన బంకుల్లో ఇప్పుడు దొరికేది 20 శాతం కలిపిన పెట్రోలు. ఎండలో అది ఇంధన గొట్టాల్లో ఆవిరై ఇంజినును ఆపగలదు, రబ్బరు గొట్టాలనూ తినేస్తుంది. ఏవ్‌గ్యాస్ (విమానాల పెట్రోలు) వాడితే ఆ బెడద ఉండదు. కానీ అందులోని సీసం ఆయిల్లో, గేర్‌బాక్సులో పేరుకుంటుంది కాబట్టి ఆయిల్‌ను 100 గంటలకు కాక 50 గంటలకే, వీలైతే 25కే మార్చాలి. ఈ ఖర్చు టికెట్ ధరలో చూపించని వ్యాపారి ఎక్కడో ఒకచోట కోత పెడతాడు.

తెరిచి ఉన్న క్యాబిన్‌లో ప్రయాణికుల ఒంటి మీద వదులుగా ఏమీ ఉండకూడదు. ప్రొపెల్లరు వాళ్ల వీపు వెనకే ఉంది. చున్నీ, టోపీ, సెల్‌ఫోన్, జేబులో తాళాలు, ఏది జారినా నేరుగా దానిలోకే పోతుంది. మీ వ్యాసం మొదటి బొమ్మలో ప్రయాణికురాలి మెడలో చున్నీ గాలికి ఎగురుతోంది. ఆ బొమ్మను మళ్లీ వాడకండి. పౌర విమానయాన డైరెక్టరేట్ (డీజీసీఏ) అనుమతి లేకుండా సొంతంగా తయారుచేసిన ఏ యంత్రాన్నయినా ఎగరేయడం చట్టవిరుద్ధమని కూడా సవరణలో ఒక వాక్యం వేయండి.

– ఇద్దరు విమాన నిర్వహణ ఇంజినీర్లు, హైదరాబాదు