ఇరవై ఫ్రేముల దూరం

ప్రొద్దుటూరు,
ఆదివారం.

చిరంజీవి చిన్నమ్మికి నాయన ఆశీస్సులు.

ఇక్కడ మేము క్షేమం. మీ అమ్మకు మోకాళ్ల నొప్పి కాస్త తగ్గింది. మొన్న నువ్వు ఫోన్‌లో ఏడ్చిన సంగతి ఆమెకు చెప్పలేదు. గొంతు అట్లుందేమని అడిగితే జలుబు చేసిందంట అన్నాను.

నువ్వు ట్రాక్ (అసలు పాటకు ముందు నమూనా) పాడిన పాట నీ గొంతుతోనే వస్తుందని ఫ్రెండ్స్‌ను కూడా వెంటబెట్టుకుని సినిమాకు పోతివి. తీరా పాట మొదలయ్యేసరికి గొంతు వేరే ఆమెది. ముందుగా ఒక్క మాట చెప్పినవాళ్లు లేరు. "ఇంక పాడను నాయనా" అన్నావు. నాకేమనాలో తోచక, అన్నం తిన్నావా అని అడిగాను. ఫోన్ పెట్టేశాక నా మీద నాకే చిరాకు వేసింది. ముప్పై ఏళ్లు సినిమా హాలు కేబిన్‌లో మిషన్ల మోత మధ్య బతికినవాణ్ణి, నోటితో చెప్పడం నాకు చేతకాదు. అందుకే రాస్తున్నా.

శాంతకుమారి గురించి నీకు ఎప్పుడన్నా చెప్పానా? "తెలుసులే, పాత సినిమాల్లో అమ్మ వేషాలామె" అంటావు. అందరూ అదే అంటారు. నాకు ఒళ్లు మండేది అక్కడే.

ఆమె మన ప్రొద్దుటూరులో 1920లో పుట్టింది. అసలు పేరు వెల్లాల సుబ్బమ్మ. మనం శనివారాలు ఆంజనేయస్వామి దగ్గరికి పోతామే, ఆ వెల్లాలే ఇంటిపేరు. మద్రాసులో ప్రొఫెసర్ సాంబమూర్తి గారి దగ్గర పాటా, వయొలినూ నేర్చుకుంది. కర్ణాటక సంగీతంలో పెద్ద పేరున్న డి.కె. పట్టమ్మాళ్ ఆమెతో పాటు చదువుకున్న మనిషి. అంటే చూడు, సినిమాల్లోకి పోయి పాట నేర్చుకున్నది కాదు, పాట తెలుసు కాబట్టే సినిమావాళ్లు పిలిచారు. 1936లో 'శశిరేఖా పరిణయం'లో ఆమే శశిరేఖ. 'మాయాబజార్' అన్నా ఆ సినిమానే. సావిత్రిది కాదు, దానికి ఇరవై ఒక్క ఏళ్ల ముందుది. సుబ్బమ్మ శాంతకుమారి అయింది అప్పుడే. మరుసటి ఏడు పి. పుల్లయ్య గారు తీసిన 'సారంగధర'లో చేసింది, ఆ ఏడే ఆయన్ను పెళ్లి చేసుకుంది.

ఆ రోజుల్లో పాడటమంటే ఎట్లుండేదో నీకు తెలియాలి. నీకిప్పుడు ఏసీ గది, హెడ్‌ఫోన్స్, ఒక లైను తప్పితే ఆ లైను మాత్రం మళ్లీ పాడే సౌకర్యం. వాళ్లకు కెమెరా తిరుగుతుండగానే పాడాలి, నటించాలి. హార్మోనియం, తబలా వాళ్లు కెమెరాకు కనిపించకుండా ఏ చెట్టు చాటునో కూర్చునేవాళ్లు. మైకుకు దూరం పోకూడదు, అట్లని మైకు వైపు చూడకూడదు. చివరి చరణంలో తబలా అతను తడబడినా మొత్తం మొదటికి వచ్చేది. పదహారేళ్ల పిల్ల, మొదటి సినిమా. నీకు పదహారేళ్లప్పుడు స్కూల్ యానివర్సరీలో మైకు ముందు నిలబడి ఎంత టెన్షన్ పడ్డావో నాకు గుర్తుంది.

1939లో పుల్లయ్య గారు వెంకటేశ్వరస్వామి కథ తీశారు, 'బాలాజీ' అని. స్వామి వేషం సి.ఎస్.ఆర్. ఆంజనేయులుది, పద్మావతి శాంతకుమారి. 1943లో 'కృష్ణప్రేమ' వచ్చింది. శాంతకుమారి, భానుమతి, టంగుటూరి సూర్యకుమారి ముగ్గురూ ఒక్క సినిమాలో. ముగ్గురూ సొంత గొంతుతో పాడేవాళ్లే.

తర్వాత ప్లేబ్యాక్ గట్టిపడింది. తెర మీద ఒకరు, గొంతు ఇంకొకరు. పాడటం రాకపోయినా హీరోయిన్ కావచ్చు, ముఖం బాగుంటే చాలు. భానుమతి మాత్రం తన పాట ఇంకొకరికి ఇవ్వనని పట్టుబట్టి నిలబడింది. ఆమె సంగతి వేరు, సొంత స్టూడియో ఉన్న మనిషి. శాంతకుమారి దారి అది కాదు. 1949లో 'గుణసుందరి కథ' వచ్చేసరికి హీరోయిన్‌కు అక్క. 1950లో 'షావుకారు'. మన జిల్లా నాగిరెడ్డి గారు చక్రపాణి గారితో కలిసి తీసిన మొదటి విజయా సినిమా అది. అందులో ఆమె షావుకారు భార్య, ఎన్.టి. రామారావుకు తల్లి. అప్పటికి ఆమెకు ముప్పై ఏళ్లు. రామారావు ఆమెకంటే మూడేళ్లే చిన్న! నీకు ఇప్పుడు ఇరవై ఎనిమిది. పాట పోయిందని ఏడుస్తున్నావు, రెండేళ్లకు నీ ఈడు మగవాడికి అమ్మగా మేకప్ వేసుకో అంటే ఏం చేస్తావో చూసుకో.

1960లో పుల్లయ్య గారు అదే వెంకటేశ్వరస్వామి కథ మళ్లీ తీశారు, 'శ్రీ వెంకటేశ్వర మహాత్మ్యం' అని. ఈసారి స్వామి రామారావు, పద్మావతి సావిత్రి. డైరెక్టర్ ఆయనే. ఇరవై ఒక్క ఏళ్ల కిందట పద్మావతి వేసిన ఆమె ఈసారి వకుళమాత, స్వామికి పెంపుడు తల్లి. కృష్ణుడి కోసం ఎదురుచూసి ఎదురుచూసి వకుళ పాడే పాట ఉంటుంది. అది వేరే ఎవరితోనూ పాడించలేదు, ఆమే పాడింది. అప్పటికి సుశీల, లీల, జిక్కి అందరూ ఉన్నారు, ఎవరిని పిలిచినా వచ్చి పాడేవాళ్లే. నలభై ఏళ్ల గొంతు అది. తేనెలాగా ఉండదు, కొంచెం ఎండిన గొంతు. ఆ వేషానికి ఆ గొంతే కావాలి.

నేను ఆపరేటర్‌గా చేరిన కొత్తలో, 1978లో, ఆ సినిమా మా హాలుకు మళ్లీ వచ్చింది. గేటు దగ్గర స్వామి పటం పెట్టి, పక్కన హుండీ పెట్టారు. మీ జేజి స్నానం చేసి, టెంకాయ పట్టుకుని వచ్చింది, కొడుకు మిషన్ నడిపే హాలు అని టికెట్ కొనకుండా! వకుళ పాట మధ్యకొచ్చింది. పాత ప్రింటు, ఫిల్ము అంచుల్లో ఉండే చిల్లులు చినిగిపోయి ఉన్నాయి. మిషన్‌లో బొమ్మ పడే గేటులో ఇరుక్కుని ఫిల్ము పటుక్కున తెగింది. తెర తెల్లబోయింది. నేలవాళ్లు ఈలలు, తిట్లు. నా చేతులు వణుకుతున్నాయి. చినిగిన మేరకు కత్తిరించి, బ్లేడుతో గీకి, ఫిల్ము అతికించే సిమెంటు పూసి అతికించి మళ్లీ ఎక్కించేసరికి ఐదు నిమిషాలు పట్టింది. తొందరలో ఫిల్మును ముందుకు లాగి ఎక్కించినట్టున్నాను, ఆ చోట పాట అయిపోవచ్చింది.

రాత్రి ఇంటికి పోతే జేజి అన్నం పెట్టలేదు. "మనూరి బిడ్డ పాడుతుంటే నోరు నొక్కేస్తివి కదరా" అనింది. వారం మాట్లాడలేదు.

కత్తిరించిన ముక్క పారేయలేదు. ఒక అడుగు ఉంటుంది, లెక్కకు పదహారు ఫ్రేములు. ఈ కవర్లో పెట్టాను. కిటికీ దగ్గర వెలుతురుకు పట్టి చూడు. పదహారు బొమ్మల్లోనూ ఆమె నోరు కొంచెం కొంచెంగా తెరుచుకుంటుంది. బొమ్మల పక్కన, చిల్లులకు ఆనుకుని, రంపపు పళ్లలాగా ఒక తెల్లటి గీత ఉంటుంది. అదే గొంతు. మిషన్‌లో దీపం వెలుగు ఆ గీత మీద పడితే హాల్లో పాట వినిపిస్తుంది.

అయితే ఆ గీత ఆ బొమ్మలది కాదు. మిషన్‌లో సౌండు పట్టే చోటు బొమ్మ పడే గేటుకు కిందుంటుంది. అందుకని ఏ బొమ్మ సౌండయినా దానికి ఇరవై ఫ్రేముల ముందే అచ్చు వేసి ఉంటుంది. ఎక్కించేటప్పుడు గేటు కింద వదులుగా వదిలే ఫిల్ము లూప్ ఒక్క రవ్వ ఎక్కువ తక్కువ అయిందంటే నోరొకటి, మాటొకటి. నీ చేతిలో ఉన్నది పదహారు ఫ్రేములే. అంటే ఈ ముక్కలో ఉన్న ముఖానికి ఈ ముక్కలో గొంతు లేదు. అది తెగకముందే పోయింది, మీ జేజి చెవిన పడింది.

భానుమతి 2005 డిసెంబర్ 24న పోయింది, శాంతకుమారి 2006 జనవరి 16న. నెల కూడా తేడా లేదు. భానుమతి గురించి వారం రోజులు మాట్లాడుకున్నారు. శాంతకుమారి పోయిందని టీ కొట్టు దగ్గర చెబితే, "'ప్రేమనగర్'లో నాగేశ్వరరావు వాళ్లమ్మ కదా" అన్నారు. పుట్టిన ఊళ్లో అన్న మాట అది.

నీకు చెప్పకుండా పాట మార్చడం తప్పే, అది కాదనను. ట్రాక్ పాడినందుకు డబ్బులన్నా ఇచ్చారా? ఇవ్వకపోతే మొహమాటపడకుండా అడుగు. ఆ ట్రాక్ నీ ఫోన్‌లో ఉంటే నాకు వాట్సాప్ చెయ్యి, మీ అమ్మకు వినిపించాలి. జలుబు సంగతి నేను సర్దుకుంటాను.

కవరు చించేటప్పుడు చూసి చించు. ఫిల్ము ముక్క అంచుకే ఉంది.

ఇట్లు,
మీ నాయన