పాత ఆట చెరిగిపోకుండా చూసుకోండి

సంపాదకులకు నమస్కారం.

1996లో జపాన్‌లో గేమ్‌బాయ్ అనే చేతిలో పట్టుకుని ఆడే వీడియోగేమ్ యంత్రం కోసం విడుదలైన మొదటి తరం పోకెమాన్ ఆటల కార్ట్రిడ్జ్‌లను (యంత్రంలో అమర్చే ఆట బిళ్లలను) నేటికీ దాచుకున్నవారు, వాటిని పిల్లల చేతికిచ్చే ముందు ఒక విషయం గమనించాలని కోరుతున్నాను. వాటిలో ఒక్క ఆటను మాత్రమే సేవ్ చేసుకునే వీలుంది. ‘న్యూ గేమ్’ ఎంచుకున్నంత మాత్రాన పాతది పోదు. కొత్త ఆటను సేవ్ చేయబోయినప్పుడు వచ్చే హెచ్చరికను చదవకుండా ‘ఎస్’ నొక్కితేనే, ఆటలో ఏళ్ల తరబడి పెంచుకున్న పోకెమాన్ అనే జీవులన్నీ చెరిగిపోతాయి. ఈ సంగతి తెలియక మా ఇంట్లో అలాగే పోగొట్టుకున్నాం. ఆ బాధ నాకు ఇంకా తీరలేదు. అంతకన్నా పెద్ద ప్రమాదం లోపలున్న నాణెం ఆకారపు బ్యాటరీతో ఉంది. సేవ్ చేసిన సమాచారం దాని ఆధారంగానే నిలుస్తుంది కనుక, అది అయిపోతే ఎవరూ ఏ మీటా నొక్కకపోయినా అంతా పోతుంది. బ్యాటరీ మార్పించే ముందే, రెండు గేమ్‌బాయ్‌లను కలిపే లింక్ కేబుల్‌తో ముఖ్యమైన పోకెమాన్‌లను మరో కార్ట్రిడ్జ్‌లోకి మార్పిడి చేసుకోవాలని మనవి.

ఇట్లు,
ఒక పాఠకుడు