ఏథెన్స్ నలుగురి గురించి బావకు రాసిన ఉత్తరం

రాయగడ

ప్రియమైన బావా,

నీ ఉత్తరం అందింది. చెల్లెమ్మ ఆరోగ్యం కుదుటపడిందని చదివి మా ఇంట్లో అందరమూ సంతోషించాం. అబ్బాయి మరో ముగ్గురు స్నేహితులతో కలిసి బ్యాండు పెట్టాడనీ, పెళ్లిళ్లలో మెలోడీ పార్టీలు వాయించే సినిమా పాటలు కాకుండా తామే సొంతంగా పాటలు కట్టుకుంటున్నారనీ, ఇప్పుడేమో ఇద్దరు హైదరాబాద్ వెళ్లిపోదామంటే ఇద్దరు బరంపురం వదలమని పట్టుబడుతున్నారనీ రాశావు. మనలాంటి ఊళ్లో కూర్చుని ఇటువంటి సంగీతంతో ఎవరైనా పైకి వచ్చారా అని అడిగావు కదా, వచ్చినవాళ్లు ఉన్నారు. అమెరికాలో ఏథెన్స్ అనే ఊరి నుంచి వచ్చిన ఆర్.ఇ.ఎం. అనే బ్యాండు తొలి నాలుగేళ్ల కథ నీకు వివరంగా రాస్తున్నాను. తీరిక చేసుకుని చదువు, అబ్బాయి చేత కూడా చదివించు.

ఆ బ్యాండు పేరు చెప్పగానే చాలామందికి 1991లో మాండొలిన్ మీద మొదలై దేశదేశాలా మోగిన పాటే గుర్తుకు వస్తుంది. నాకు మాత్రం వాళ్లు ఎవరికీ తెలియని రోజుల్లో, 1980 నుంచి 1984 దాకా చేసిన పని మీదే ఎక్కువ గౌరవం. తరువాత వచ్చిన పేరంతా ఆ నాలుగేళ్లలో వాళ్లు తీసుకున్న నిర్ణయాల ఫలితమే అని నేను గట్టిగా నమ్ముతాను.

జార్జియా రాష్ట్రంలో ఉన్న ఏథెన్స్ కాలేజీల ఊరు. 1785లో స్థాపించిన జార్జియా విశ్వవిద్యాలయం అక్కడే ఉంది. పెద్ద నగరమైన అట్లాంటా అక్కడికి దాదాపు 110 కిలోమీటర్ల దూరం. రికార్డు కంపెనీలన్నీ న్యూయార్క్‌లోనూ లాస్ ఏంజెలిస్‌లోనూ ఉండేవి కనుక సంగీత వ్యాపారం దృష్టిలో అది ఒక మూల. అయినా ఆ మూలలోనే 1976లో ది బి-52స్ అనే బ్యాండు పుట్టి పేరు తెచ్చుకుని న్యూయార్క్ రాష్ట్రానికి తరలిపోయింది, దాని వెనుకే పైలాన్ అనే మరో బ్యాండు వచ్చింది. అంటే ఆర్.ఇ.ఎం. నలుగురూ మొదలుపెట్టేసరికి, ఈ ఊళ్లో కూడా సొంత పాట పాడవచ్చు అని చూపించినవాళ్లు వాళ్లకు ముందే ఉన్నారు. ఇది చిన్న విషయం కాదు బావా. అబ్బాయి వాళ్లకు అటువంటి అన్నలు లేరు, కాబట్టి వాళ్లు పడే తడబాటును నువ్వు కొంచెం ఓర్పుతో చూడాలి.

ఏథెన్స్‌లో వక్స్‌ట్రీ అనే రికార్డుల దుకాణంలో పీటర్ బక్ గుమాస్తాగా పనిచేసేవాడు. మైకేల్ స్టైప్ అనే విద్యార్థి అక్కడికి తరచుగా వచ్చేవాడు. బక్ తనకోసం పక్కన దాచిపెట్టుకునే రికార్డులనే ఈ కుర్రవాడు వచ్చి కొనుక్కుపోతూ ఉండేవాడట. పాటీ స్మిత్ అనే గాయని, టెలివిజన్, వెల్వెట్ అండర్‌గ్రౌండ్ అనే బ్యాండులు, ఇటువంటి వాళ్ల సంగీతం మీద ఇద్దరికీ ఉన్న ఇష్టమే స్నేహానికి దారి తీసింది. మేకన్ అనే మరో ఊళ్లో హైస్కూలు రోజుల నుంచే కలిసి వాయిస్తున్న బాస్ గిటారిస్టు మైక్ మిల్స్, డ్రమ్మర్ బిల్ బెర్రీ అప్పటికి చదువు కోసం ఏథెన్స్ వచ్చి ఉన్నారు. ఈ రెండు జంటలూ కలిసి నలుగురయ్యారు. 1980 ఏప్రిల్ 5న ఒక స్నేహితురాలి పుట్టినరోజు వేడుకలో, ఆరాధనలు ఆగిపోయి ఇళ్లుగా అద్దెకు ఇస్తున్న ఒక పాత చర్చిలో వాళ్లు మొదటిసారి జనం ముందు వాయించారు. ఆ చర్చిలో ఇప్పుడు గోపురం మాత్రమే మిగిలింది. బ్యాండు పేరేమో తరువాత నిఘంటువు తెరిచి కంటికి తగిలినదాన్ని పెట్టుకున్నారు.

కొద్దికాలానికి నలుగురూ చదువు మానేసి పూర్తిగా బ్యాండులోకి దిగారు. ఈ ఒక్క విషయంలో వాళ్లను అనుసరించమని నేను అబ్బాయికి చెప్పను. ఆ దేశంలో అప్పుడు వాళ్లకు కుదిరింది, మన పిల్లలకు డిగ్రీ చేతిలో ఉండటం అవసరం.

ఇక సంగీతం సంగతి. అబ్బాయికి గిటారు ఇంకా పూర్తిగా పట్టుబడలేదని నువ్వు బెంగపడ్డావు. మొదట్లో పీటర్ బక్ కూడా గొప్ప వాద్యగాడేమీ కాదు. నలుగురిలో సంగీతం తెలిసినవాళ్లు మిల్స్, బెర్రీలే. అయితే బక్ తన పరిమితినే ఒక శైలిగా మలచుకున్నాడు. తీగలన్నిటినీ ఒక్కసారిగా బలంగా మీటి హోరెత్తించకుండా, రికెన్‌బేకర్ గిటారు మీద ఒక్కో తీగనూ విడివిడిగా పలికిస్తూ పాట పొడవునా గలగలమనే స్వరాల వరుస పరిచేవాడు. ఆ రోజుల్లో రాక్ సంగీతంలో మధ్యలో గిటారిస్టు ఒక్కడే నిలబడి తన ప్రతిభ చూపించుకోవడం రివాజు, అది మాత్రం తమకు వద్దనుకున్నారు. గిటారు అలా తేలికగా ఉండటం వల్ల మిల్స్ బాస్ గిటారుకు చోటు దొరికింది. అతను లయకు కాపలా కాసే నాలుగు స్వరాలతో ఊరుకోకుండా, బాస్ మీద మరో పాట పాడుతున్నట్టు వాయించేవాడు, పైగా స్టైప్ గొంతు వెనుక వేరే రాగవరుసలో తన గొంతు కలిపేవాడు. బెర్రీ ఎక్కడా ఆర్భాటం లేకుండా, పాటను ముందుకు తోసే దరువు వేసేవాడు. స్టైప్ గొంతు వాద్యాల మధ్యలో సగం మునిగి వినిపిస్తుంది. అతను పాడిన మాటలు ఇంగ్లీషు వాళ్లకే సరిగా అందేవి కావు, అయినా ఆ గొంతులోని ఆర్తి మనిషిని పట్టుకుంటుంది. ఈ మాటల విషయంలో కూడా నా అభిప్రాయం వేరు. మన పాటకు సాహిత్యం ప్రాణం కాబట్టి తెలుగులో పాడినా, ఒడియాలో పాడినా, రెండూ కలిపి పాడినా మాట స్పష్టంగా వినిపించాలని నేను కోరుకుంటాను. కానీ ఒక్క పాటలో నలుగురూ ఒకరికొకరు ఎలా చోటిచ్చుకోవాలో నేర్చుకోవడానికి ఆర్.ఇ.ఎం. తొలి రికార్డులను మించిన పాఠం నాకు తెలియదు. అబ్బాయి బాస్ ఒక్కటే వింటూ ఒకసారి, గిటారు ఒక్కటే వింటూ మరోసారి విని చూడాలి.

ఆ కాలంలో అమెరికాలో ఇటువంటి బ్యాండులు ఊరూరా తిరిగి వాయించడానికి ఏర్పడిన దారంటూ లేదు. ఆ దారిని వేసినవాళ్లలో వీళ్లూ ఉన్నారు. ఉత్తర కెరొలీనాలో వీళ్ల ప్రదర్శన చూసిన జెఫర్సన్ హోల్ట్ అనే యువకుడు, అతనూ రికార్డుల దుకాణంలో పనిచేసినవాడే, ఏకంగా ఏథెన్స్‌కు మకాం మార్చి వీళ్ల మేనేజరయ్యాడు. ఒక పాత నీలం వ్యాను అతను నడుపుతుంటే నలుగురూ సామాన్లతో సహా అందులో ఎక్కి దక్షిణాది రాష్ట్రాలన్నీ తిరిగారు. తిండి కోసం మనిషికి రోజుకు 2 డాలర్లు పెట్టుకునేవారు. పెద్ద నగరాల్లో పిలుపు కోసం కాచుకుని కూర్చోకుండా చిన్న ఊళ్ల క్లబ్బుల్లో వాయిస్తూ, కాలేజీ విద్యార్థులు నడిపే రేడియో స్టేషన్ల ద్వారా కొద్దికొద్దిగా శ్రోతలను సంపాదించుకున్నారు.

ఇది చదివినప్పుడల్లా నాకు మన పటం కళ్ల ముందుకు వస్తుంది. బరంపురం నుంచి ఛత్రపురం, ఇచ్ఛాపురం, పలాస, పర్లాకిమిడి, గుణుపురం, ఇటు మా రాయగడ, పార్వతీపురం, పైన కొరాపుట్, జయపురం. ప్రతి ఊళ్లోనూ కాలేజీ ఉంది, తెలుగూ ఒడియా రెండూ తెలిసిన పిల్లలు ఉన్నారు, ఏదో ఒక ఉత్సవానికి వేసే వేదిక ఉంది. హైదరాబాద్‌లో వందమంది మధ్య నూట ఒకటో బ్యాండుగా నిలబడటానికి ముందు, ఈ ఊళ్లలో తమ పాట పాడి తిరిగితే అబ్బాయి వాళ్లకు ఏ పాటకు జనం కదులుతారో, ఏ పాటకు కదలరో తెలిసివస్తుంది. ఆర్.ఇ.ఎం. కూడా మొదట్లో పాత పాటలు కొన్ని, సొంత పాటలు కొన్ని కలిపి వాయించి, మెల్లగా సొంత పాటల పాలు పెంచుకుంది.

మొదటి రికార్డు సంగతి ఇంకా ఆసక్తిగా ఉంటుంది. 1981 ఏప్రిల్‌లో ఉత్తర కెరొలీనాలోని విన్‌స్టన్-సేలం అనే ఊళ్లో మిచ్ ఈస్టర్ అనే సంగీతకారుడు తన తల్లిదండ్రుల గ్యారేజీలో పెట్టుకున్న డ్రైవ్-ఇన్ స్టూడియోలో రేడియో ఫ్రీ యూరప్ అనే పాట రికార్డు చేశారు. హిబ్-టోన్ అనే చిన్న కంపెనీ ఆ జూలైలో దాన్ని విడుదల చేసింది. మొదట వేసినవి 1,000 కాపీలు. వాటిలో 600 పత్రికలకూ రేడియోలకూ ఉచితంగా పంపినవే. ఆ ముద్రణలో కంపెనీ చిరునామా వేయడం మరిచిపోయారు, అయినా అడిగేవాళ్లు ఎక్కువై మరో 6,000 కాపీలు వేయవలసి వచ్చింది. ఏడాది చివర న్యూయార్క్ టైమ్స్ పత్రిక ఆ సంవత్సరపు పది ఉత్తమ సింగిల్స్‌లో, అంటే విడిగా విడుదలైన పాటల రికార్డుల్లో, దాన్ని చేర్చింది. పాట బాగుంటే గ్యారేజీలో చేసినా చేరవలసిన చోటికి చేరుతుందని దీనివల్ల తెలుస్తోంది. అయినా అబ్బాయి వాళ్లు తమ రికార్డింగు ఎవరికి పంపినా దాని మీద ఫోను నంబరు మాత్రం తప్పకుండా వేయమను.

తరువాత పెద్ద కంపెనీ ఆర్‌సీఏ నుంచి పిలుపు వచ్చింది. వీళ్లు దాన్ని కాదని 1982 మేలో ఐ.ఆర్.ఎస్. అనే చిన్న కంపెనీతో ఒప్పందం చేసుకున్నారు. ఆ కంపెనీ స్థాపకుడు మైల్స్ కోప్లాండ్ సోదరుడు ఇయన్ కోప్లాండ్, మేకన్‌లో పనిచేసిన రోజుల నుంచీ బెర్రీకి తెలిసినవాడు. ఆ ఆగస్టులోనే అయిదు పాటల రికార్డు క్రానిక్ టౌన్ వచ్చింది. పెద్ద కంపెనీలో చేరితే ముందుగా వచ్చే డబ్బు ఎక్కువ ఉండేదేమో, కానీ తమ సంగీతం మీద మాట తమదే అయ్యే చోటును ఎంచుకోవడంలో వాళ్ల వివేకం కనిపిస్తుంది.

ఆ వివేకం మళ్లీ పరీక్షకు వచ్చింది. పూర్తి ఆల్బమ్ కోసం కంపెనీ వాళ్లు స్టీఫెన్ హేగ్ అనే నిర్మాతను కుదిర్చారు. ఆయన ఒకే పాటను మళ్లీ మళ్లీ వాయించమనేవాడు, ఆ తరువాత వాళ్లను అడగకుండానే కీబోర్డు స్వరాలు కలిపాడు. నలుగురికీ అది నచ్చలేదు. తమ పాట తమ చేతుల్లోంచి జారిపోతోందని గ్రహించి, మిచ్ ఈస్టర్‌తోనే చేస్తామని కంపెనీని అడిగి ఒప్పించారు. ఈస్టర్, మరో నిర్మాత డాన్ డిక్సన్ కలిసి షార్లెట్ నగరంలోని స్టూడియోలో చేసిన ఆ ఆల్బమ్ మర్మర్ 1983 ఏప్రిల్‌లో విడుదలైంది. అప్పటి ఫ్యాషన్ అయిన సింథసైజర్ హంగులు దానిలో లేవు. అందువల్లే ఈ రోజు విన్నా అది ఫలానా సంవత్సరపు సంగీతం అని ముద్ర వేయలేము. ముఖచిత్రం మీద దక్షిణాది పొలాలనూ చెట్లనూ కప్పేసే కుడ్జు తీగ, వెనుక అట్ట మీద ఏథెన్స్‌లోని పాత చెక్క రైలు వంతెన. తమ ఊరిని దాచుకోకుండా అట్ట మీదికి ఎక్కించడం నాకు ఎంతో నచ్చుతుంది. రోలింగ్ స్టోన్ పత్రిక మైకేల్ జాక్సన్ థ్రిల్లర్‌ను సైతం పక్కన పెట్టి 1983 సంవత్సరపు ఉత్తమ ఆల్బమ్‌గా దీన్నే ఎంచుకుంది. అమ్మకాలు మాత్రం ఏడాది చివరికి దాదాపు 2,00,000 కాపీలు, అమెరికా ఆల్బమ్‌ల పట్టికలో 36వ స్థానం. ఆ అక్టోబరులో డేవిడ్ లెటర్‌మన్ టీవీ కార్యక్రమంలో ఇంకా పేరైనా పెట్టని ఒక కొత్త పాట వాయించారు, మరుసటి ఏడాది రెండో ఆల్బమ్ రెకనింగ్‌లో అది చేరింది.

ఇప్పుడు నేను అన్నిటికన్నా ముఖ్యమని భావించేది చెబుతాను. వాళ్ల సొంత పాటల రచయితలుగా నలుగురి పేర్లూ ఉంటాయి, అక్షరక్రమంలో బెర్రీ, బక్, మిల్స్, స్టైప్ అని. స్వరం ఎవరికి తట్టినా, మాట ఎవరు రాసినా, పేరూ సమానమే, రాబడీ సమానమే. నిర్ణయాల్లో కూడా నలుగురిలో ఏ ఒక్కరు వద్దన్నా ఆ పని ఆగిపోయేది. పాటలు రాసేవాడికి వచ్చే డబ్బు, వాయించేవాడికి వచ్చే డబ్బుకన్నా ఏళ్లు గడిచేకొద్దీ ఎక్కువవుతుంది. అక్కడే ఎన్నో బ్యాండులు విడిపోయాయి. వీళ్లు పైసా రాని రోజుల్లోనే ఆ లెక్క తేల్చుకున్నారు కనుక, కోట్లు వచ్చిన రోజుల్లో దాని గురించి కీచులాడుకోవలసిన అవసరం రాలేదు. 1997లో బెర్రీ తప్పుకున్నప్పుడు కూడా స్నేహంగానే తప్పుకున్నాడు. 2011లో బ్యాండు ముగిసినప్పుడూ అంతే.

నీ ఉత్తరంలో ఒక వాక్యం నన్ను కలవరపెట్టింది. పాటలన్నీ తనవే కాబట్టి పేరు తనదే ముందుండాలని వాళ్లలో ఒకడు అంటున్నాడని రాశావు. హైదరాబాదా బరంపురమా అన్న వాదం తరువాత తేలుతుంది, ముందు దీన్ని తేల్చమను బావా. నలుగురినీ మీ ఇంట్లో కూర్చోబెట్టి, చెల్లెమ్మ చేత్తో భోజనం పెట్టించి, ఒక కాగితం మీద రాయించి నలుగురి చేతా సంతకం పెట్టించు. నువ్వు పెద్దవాడివి, నీ మాట కాదనరు.

దసరా తరువాత మజ్జిగౌరమ్మ దర్శనానికి రావాలని చెల్లెమ్మ అనుకుంటోంది కదా, అప్పుడు నలుగురు కుర్రవాళ్లనూ వెంట తీసుకురా. మా వీధి చివర ఉన్న కల్యాణమండపం ఒక సాయంత్రానికి నేను మాట్లాడి పెడతాను, కాలేజీ పిల్లలను పిలుస్తాను. సినిమా పాటలు రెండు చాలు, మిగిలినవన్నీ సొంతవే వాయించమను. గిటార్లు, బాస్ తెచ్చుకుంటే చాలు, డ్రమ్ముల సెట్టును బస్సు మీద వేసుకుని రావద్దు, ఇక్కడి మెలోడీ పార్టీ వాళ్లను అడిగి ఉంచుతాను. ఏ తేదీకి వస్తారో పది రోజుల ముందు తెలియజెయ్యి.

నీ
రాయగడ బావ