రంగు చూసి విషం తేల్చేస్తారా?

సంపాదకుడు గారికి,

పుట్టగొడుగుల కూర తిని ఒక కుటుంబం ఆసుపత్రి పాలైన వార్త మీ జిల్లా పేజీలో వచ్చి పది రోజులైంది. కోపం చల్లారాక రాద్దామని ఆగాను. చల్లారలేదు.

వార్త చివర ఎవరో అధికారి సలహా వేశారు: రంగురంగుల పుట్టగొడుగులు తినరాదట. అంటే తెల్లవి తినొచ్చనేగా చదివినవాడు అనుకునేది? అస్సాంలో 2022 ఏప్రిల్‌లో అడవి పుట్టగొడుగులు తిని 13 మంది చనిపోయారు, ఎక్కువమంది తేయాకు తోటల వాళ్లే. డెత్ క్యాప్ అనే ప్రాణాంతక పుట్టగొడుగు 'నేను విషాన్ని' అని బోర్డు కట్టుకుని లేవదు. పాలిపోయిన ఆకుపచ్చగా, ఒక్కోసారి తెల్లగానే ఉంటుంది. ఎంత ఉడికించినా దాని విషం పోదు. తిన్న ఆరు నుంచి పన్నెండు గంటలకి, ఒక్కోసారి ఇంకా ఆలస్యంగా వాంతులూ విరేచనాలూ మొదలవుతాయి. మధ్యలో తగ్గినట్టే తగ్గి, మూడో నాలుగో రోజుకి కాలేయం మీద పడుతుంది. తగ్గిందిలే అని ఇంటికెళ్లిపోతే అంతే సంగతులు. ఈ నాలుగు ముక్కలకి చోటు లేదు గానీ, పక్కనే నాయకుడి పుట్టినరోజు కేకుకి నాలుగు కాలమ్‌లు దొరికాయి.

పైగా ఆ ఫొటో! సూపర్‌మార్కెట్లో ప్లాస్టిక్ డబ్బాల్లో అమ్మే బటన్ పుట్టగొడుగులు.

మా కాలనీ పార్కులో వానలకి పెద్ద తెల్ల గొడుగులు లేస్తాయి. పోయినేడు ఒకటి కోసి, కాడ తీసేసి, తెల్ల కాగితం మీద పెట్టి పైన గిన్నె బోర్లించాను. (ఆ గిన్నె మా ఆవిడ మళ్లీ వంటింట్లోకి రానివ్వలేదు.) తెల్లారి చూస్తే కాగితం మీద గొడుగు కిందినుంచి రాలిన, విత్తనాల్లాంటి ఆకుపచ్చ పొడి చారలు. క్లోరోఫిల్లమ్ అనే విషపు గొడుగు! తింటే రెండు మూడు గంటల్లో వాంతులు. అసలు చెదపుట్ట మీద లేచే తినే గొడుగుకైతే లేత గులాబీ పొడి రాలుతుంది.

కొండ సంతలో అడ్డాకుల్లో పెట్టి అమ్మే అవ్వకి ఈ కాగితాలతో పనిలేదు. "ఇవి పుట్టవేనా?" అంటే కాడ చివర చూపించింది. వేరులాంటి సన్నని తోక, బెత్తెడు పైనే ఉంది. అది పుట్టలోపల చెదపురుగులు పెంచుకునే బూజు తోటదాకా దిగుతుంది. "ఏటా ఆ పుట్ట మీదే లేస్తాది బాబూ" అంది. మీ విలేకరులు 'పుట్టగొడుగుల్లా వెలిసిన కాలేజీలు' అని రాసినప్పుడల్లా ఆ అవ్వే గుర్తొస్తుంది. ఎక్కడ పడితే అక్కడ లేచేవి కాలేజీలండీ, పుట్టగొడుగులు కావు.

ఈ పుట్ట మీది గొడుగుల జాతుల్లో ఒకదానికి 1979లో టెర్మిటోమైసిస్ హైమీ అని పేరు పెట్టినవారు మద్రాసు విశ్వవిద్యాలయానికి చెందిన కె. నటరాజన్. జీవితమంతా శిలీంధ్రాల వెంటే తిరిగిన ఫ్రెంచి శాస్త్రవేత్త రోజర్ హైమ్ మీద గౌరవంతో పెట్టిన పేరది. ఇప్పుడలా తిరిగేవాళ్లేరి? నేను ముప్పై ఏళ్లు జీవశాస్త్రం చెప్పాను. మా పిల్లల్లో బాటనీ తీసుకుంటానన్నవాణ్ణి ఇంట్లోవాళ్లే తిట్టి మాన్పించేవారు. అధికారులా, గిరిజన సదస్సులకి వస్తారు, శాలువాలు కప్పించుకుంటారు, వెళ్తారు. సంతలో ఆ అవ్వ పక్కన గొంతుక్కూర్చుని నాలుగు పేర్లు రాసుకున్నవాణ్ణి ఒక్కణ్ణీ చూడలేదు.

ఇంతకీ ఆ కుటుంబం తిన్నది ఏ పుట్టగొడుగు? ఆసుపత్రిలో ఎవరైనా అడిగారా? గిన్నె అడుగున మిగిలింది తెమ్మన్నారా? మీ వార్తలో ఆ ఊసే లేదు. కనుక్కుని వేయండి. ఈసారి బటన్ పుట్టగొడుగుల బొమ్మ మాత్రం వద్దు.

— విశ్రాంత ఉపాధ్యాయుడు, నర్సీపట్నం