ఆయన ‘వాయించాడు’ అనే రాయండి

సంపాదకులు గారికి,

రాద్దామా వద్దా అని రెండు వారాలు ఆగాను. అమెరికా జాజ్ పియానిస్టు బిల్లీ టిప్టన్ మీద ఆదివారం అనుబంధంలో వేసిన వ్యాసానికి ‘లోకాన్ని బురిడీ కొట్టించిన మగరాయుడు’ అని హెడ్డింగ్ ఎలా పెట్టబుద్ధయిందండీ? ఒక పేరాలో ‘వాయించాడు’, కింది పేరాలోనే ‘వాయించింది’. రాసినవాళ్లు తేల్చుకోలేదు సరే, డెస్కులో ఎవరూ చదవలేదా?

ఆడపిల్లగా పుట్టినా, టిప్టన్ 1930ల నుంచి మగవాడిగానే బతికాడు. ఛాతీకి బిగించి గుడ్డ కట్టుకుని, పాత కారు ప్రమాదంలో పక్కటెముకలు విరిగాయని ఇంట్లో చెప్పేవాడు. ముగ్గురు మగపిల్లల్ని దత్తత తీసుకుని పెంచాడు, వాళ్లకు ఆయన నాన్నే. 1989 జనవరిలో, 74 ఏళ్ల వయసులో, కడుపులో అల్సర్‌తో రక్తం పోతున్నా డాక్టరును పిలవనివ్వలేదు. అమెరికాలోని స్పోకేన్ ఊళ్లో ఆ ఇంటికి అంబులెన్స్ వాళ్లొచ్చి బట్టలు విప్పాకే పక్కనున్న కొడుక్కి సంగతి తెలిసింది. ఇందులో బురిడీ ఎక్కడుంది? ఎంత భయం ఉంటే మనిషి అంత నొప్పి ఓర్చుకుంటాడు!

నేను ఇరవై ఏళ్లుగా పెళ్లిళ్ల ఆర్కెస్ట్రాలో కీబోర్డు వాయిస్తున్నా. 1957లో టిప్టన్ ట్రయో, అంటే ఆయన ముగ్గురి బృందం, రెండు ఎల్పీ రికార్డులు చేసింది, వాటి గురించి మీ వ్యాసంలో ఒక్క ముక్క లేదు. పైగా ఇదంతా ‘ఈ మధ్య ముదిరిన పోకడ’ అట. బ్లూస్ గాయని ‘మా’ రెయినీ తనకు ఆడవాళ్లంటేనే ఇష్టమనే పాట 1928లోనే రికార్డు చేసింది. న్యూయార్క్ హార్లెంలో గాయని గ్లాడిస్ బెంట్లీ మగవాళ్లలా తెల్ల సూటు, టాప్ హ్యాట్ వేసుకుని పియానో ముందు కూర్చుని పాడేది, జనం ఎగబడి వెళ్లేవాళ్లు.

ఒకప్పుడు పేరులో ఒక్క అక్షరం తప్పు పడినా మర్నాడు సవరణ వేసేవారు. ఇప్పుడు ఫోన్లో నాలుగు క్లిక్కులొస్తే చాలు, ఎవరి పరువు పోయినా ఫరవాలేదు. మనిషి తన లింగ గుర్తింపేదో తానే చెప్పుకోవచ్చని సుప్రీంకోర్టు 2014లో తీర్పిచ్చింది కదా, ఆ వార్త మీరూ వేసే ఉంటారు. వార్త వేసి, మాట మాత్రం మార్చుకోరా?

మా ట్రూపులో సన్నటి గొంతున్న ఒక కుర్రాడు పాడతాడు. మొన్న రిహార్సల్లో ఎవరో మీ హెడ్డింగ్ పైకి చదివి వాడి వైపు చూసి నవ్వారు, మిగతావాళ్లూ కలిశారు. వాడు మైకు వైరు చుట్టుకుంటూ కూర్చున్నాడు, చుట్టడం అయిపోయినా తలెత్తలేదు. నేను ఆ నవ్వు ఆపలేకపోయాను, ఆ బాధతోనే ఇది రాస్తున్నా. టిప్టన్‌ను ‘ఆయన’ అని రాసి సవరణ వేయండి. ఆ కటింగ్ తీసుకెళ్లి మావాడి చేతిలో పెడతాను.

— ఒక పాఠకుడు, తెనాలి