టైటిల్స్ కోసేస్తే వాళ్ల పేర్లు ఎక్కడ మిగులుతాయి?

సంపాదకులకు నమస్కారం.

పాత సినిమా వేసేటప్పుడు టైటిల్స్ కోసేయడం టీవీ చానళ్లకు మామూలైపోయింది. సంస్థ పేరు, హీరో హీరోయిన్ల పేర్లు పడగానే నేరుగా మొదటి సీనులోకి దూకేస్తున్నారు. యూట్యూబ్‌లో పెట్టే ప్రింట్లలోనూ చాలావాటికి ఇదే గతి. ఇందులో అన్యాయమయ్యేది ఎవరికో చెప్పడానికి శామ్ కిడ్ అనే బ్రిటిష్ నటుడి సంగతి రాస్తున్నాను. పాత ఇంగ్లిష్ సినిమాలు ఇష్టంగా చూసేవాళ్లలో కూడా ఈ పేరు తెలిసినవాళ్లు తక్కువ. ముఖం మాత్రం చాలామంది చూసే ఉంటారు.

ఆయన 1915లో బెల్‌ఫాస్ట్‌లో పుట్టారు. 1940 మే నెలలో ఫ్రాన్స్‌లోని కలే రేవు జర్మన్ల చేతికి చిక్కినప్పుడు బ్రిటిష్ సైనికుడిగా పట్టుబడి, రెండో ప్రపంచ యుద్ధం ముగిసేదాకా పోలండ్‌లోని ఖైదీల శిబిరంలో ఉన్నారు. అక్కడ చేతులు ముడుచుకుని కూర్చోలేదు. తోటి ఖైదీలను కూడగట్టి నాటకాలు వేయించారు. విడుదలయ్యాక, 1946లో వచ్చిన ‘ది క్యాప్టివ్ హార్ట్’ సినిమాలో ఆయన వేసింది కూడా యుద్ధఖైదీ వేషమే. ఆ సినిమా కొంత భాగం జర్మనీలోని నిజమైన శిబిరంలోనే తీశారు. ఐదేళ్లు అలాంటి కంచె లోపల బతికిన మనిషి, బయటికొచ్చి ఏడాది తిరక్కుండానే అదే బతుకును నటించారంటే ఎంత గుండె నిబ్బరం కావాలి!

ఆ తర్వాత ఆయనకు తీరిక లేదు. 1948లో బ్రిటన్ ప్రభుత్వం హాళ్లలో వేసే ప్రధాన చిత్రాల్లో 45 శాతం స్వదేశీ సినిమాలే ఉండాలని నిబంధన పెట్టింది. పెద్ద స్టూడియోలన్నీ లండన్ చుట్టుపక్కలే ఉండేవి. సిపాయి, నావికుడు, టాక్సీ డ్రైవర్, సంతలో సరుకమ్మేవాడు, చిల్లర దొంగ... ఏ వేషానికి పిలిచినా ఆయన సిద్ధం. మొత్తం 200కు పైగా సినిమాలు. ‘ది క్రూయల్ సీ’, డిస్నీ వారి ‘ట్రెజర్ ఐలండ్’ లాంటి పేరున్న చిత్రాలూ వాటిలో ఉన్నాయి. ఒక్కోదాంట్లో రెండు మూడు డైలాగులు, అంతే. చాలావాటి టైటిల్స్‌లో ఆయన పేరే వేయలేదు. యాభై ఏళ్ల వయసులో, 1965లో, టీవీలో పిల్లల సీరియల్ ‘ఒర్లాండో’లో టైటిల్ పాత్ర దక్కింది. 1982లో పోయేదాకా నటిస్తూనే ఉన్నారు.

ఇలాంటి నటుడికి ఉన్న ఆస్తి టైటిల్ కార్డు మీద ఒక్క లైను. హీరో పేరు పోస్టర్ మీద ఉంటుంది, పాటల పుస్తకంలో ఉంటుంది, అభిమానుల నోట్లో ఉంటుంది. చిన్న వేషాల వాళ్లకు ఆ లైను తప్ప ఇంకేముంది? దాన్ని కూడా కత్తిరించడం నాకు దుర్మార్గంగా అనిపిస్తుంది.

మన దగ్గర ‘మాయాబజార్’లో శర్మ, శాస్త్రి జంటను చూసి నవ్వని తెలుగువాడు లేడు. శర్మగా వేసిన అల్లు రామలింగయ్య గారు అందరికీ తెలుసు. శాస్త్రి ఎవరని అడిగితే వంగర వెంకట సుబ్బయ్య గారి పేరు చెప్పగలిగే కుర్రవాళ్లు ఎంతమంది? అంత గొప్ప సినిమాలో వేసినవారి పరిస్థితే ఇదైతే, ఆడని సినిమాల్లో వేసినవాళ్ల సంగతి ఊహించుకోండి.

చానళ్లు టైటిల్స్ పూర్తిగా వేయాలి. మహా అయితే రెండు మూడు నిమిషాలు, ఒక్క యాడ్ బ్రేక్ పాటి కూడా కాదు. ఫిలిం చాంబర్ వారు పాత చిత్రాల్లో వేషాలు వేసినవారి జాబితాలు పాత్రల పేర్లతో సహా తయారు చేయించాలి. మీ సినిమా పేజీలో వారానికి ఒక చిన్న నటుడి గురించి ఫొటోతో పాటు రాయండి. మా తెనాలి పక్క ఊళ్లలో ఆ ముఖాలను చూడగానే పేరు చెప్పగల పాత నాటకాల వాళ్లు ఇంకా కొందరున్నారు. అందరూ పెద్దవాళ్లే. మీ విలేకరులను ఈ ఏడాదే పంపండి.

– ఒక పాఠకుడు, తెనాలి