టోపీ గాడు మనకు టోపీ పెట్టలేదు

రెండో నంబర్ గారికి, ఒకటో నంబర్ రాయునది.

ముందు తిట్టుకో, తర్వాత చదువు. ఉగాదికి రాస్తానన్న ఉత్తరం కార్తీకమాసంలో వస్తోంది, ఒప్పుకుంటున్నా. ఫోన్‌లో చెప్పొచ్చు కదరా అంటావు. ఇది ఫోన్‌లో చెప్పే సంగతి కాదు, నువ్వు సగంలోనే అరవడం మొదలుపెడతావు, నన్ను చెప్పనియ్యవు. పైగా దీంతో ఒక డబ్బా కూడా వస్తోంది, అది విప్పకముందే ఇది చదవాలి. విప్పేశావు కదా? నాకు తెలుసు.

ఇంటి సంగతులు గబగబా: అమ్మ మోకాలి ఆపరేషన్ అయింది, కర్ర లేకుండా నడుస్తోంది, నన్ను తిట్టడానికి గేటు దాకా కూడా వస్తోంది. బత్తాయి కాపు బాగానే ఉంది, ధరే లేదు. సాగర్ గేట్లు ఎత్తినప్పుడు అందరం పోయి తడిసి వచ్చాం. గడియారం దగ్గర మన బజ్జీల బండి ఇంకా ఉంది, బజ్జీ మాత్రం సగమైంది. జిరాక్స్ షాపు నడుస్తోంది. చాలు.

టోపీ గాడు గుర్తున్నాడా? వేసవి సెలవులకు హైదరాబాద్ నుంచి వచ్చి, మన దగ్గర 50 గోటీలు తీసుకుని కాంట్రా అనే వీడియో గేమ్‌లో 30 ప్రాణాలు వచ్చే కోడ్ చెప్పాడే, వాడు. ఆ కోడ్ పని చేయక, మనకు టోపీ పెట్టాడని వాడి నెత్తి మీది ఎర్ర టోపీ లాక్కుని నువ్వు ఉదయసముద్రంలో విసిరేశావు. వాడి సంగతే. కానీ వరసగా చెప్పకపోతే రుచి ఉండదు, కాబట్టి కంట్రోలర్ దగ్గర మొదలుపెడతా.

మా బావ పీఎస్5 గేమ్ డబ్బా కొన్నాడు. పాత పీఎస్4 పాడై మూలన పడి ఉంటే దాని కంట్రోలర్లు రెండూ నాకు ఇచ్చేశాడు, షాపులో కంప్యూటర్‌కు పెట్టుకుని పాత ఆటలు ఆడుకో అని. ఆ రాత్రే షట్టర్ సగం దించి, జిరాక్స్ మెషిన్ పక్కన ఉన్న ముసలి కంప్యూటర్‌లో రెట్రోఆర్చ్ అనే ఎమ్యులేటర్, అంటే పాత ఆటలు ఆడించే సాఫ్ట్‌వేర్, దించాను. అది ఒట్టి చట్రమే, ఏ గేమ్ డబ్బాకు ఆ డబ్బాలాగా నటించే 'కోర్' ఒకటి వేరేగా దించుకోవాలి. మన చిన్నప్పటి గేమ్ డబ్బాకు నెస్టోపియా అని ఒకటుంది, ఎఫ్‌సీఈయూఎంఎం అని నోరు తిరగనిది ఇంకొకటి. ఇక్కడే మొదటి దెబ్బ తగిలింది: మనం 'ఒరిజినల్, ఫారిన్‌ది' అని వీధంతా చెప్పుకున్న డబ్బా, 1983లో నింటెండో వాళ్లు జపాన్‌లో తెచ్చిన ఫామికామ్‌కు నకలు అట. 'కాసెట్‌లో 9999 ఆటలు' అన్నప్పుడే అనుమానం రావాల్సింది మనకు.

(ఆట ఫైల్ సంగతి అడగకు. ఎమ్యులేటర్ పెట్టుకోవడం తప్పు కాదు కానీ ఆట మాత్రం కంపెనీ సొత్తు. మన కాసెట్ నా సొరుగులో భద్రంగా ఉంది, నా మనస్సాక్షికి అది చాలింది. చట్టానికి చాలదేమో.)

కంట్రోలర్‌కు కేబుల్ పెట్టి కంప్యూటర్‌కు గుచ్చాను. ముందర ఉన్న లైటు నారింజ రంగులో మెల్లగా వెలిగి ఆరుతోంది. ఆహా, ప్రాణం వచ్చింది అనుకున్నా. కంప్యూటర్‌కు మాత్రం అక్కడ ఏదో గుచ్చారన్న సోయే లేదు. ఇంకో పోర్టులో పెట్టాను. రీస్టార్ట్ చేశాను. డ్రైవర్ లేదేమో అనుకుని ఒక వీడియో చూసి డీఎస్4విండోస్ అనే సాఫ్ట్‌వేర్ వేశాను, అది అడిగిందని విజెమ్‌బస్ అనే డ్రైవర్ కూడా వేశాను. చివరికి ఏం చేశానో చెప్తే నవ్వుతావు, కేబుల్ పిన్నులో ఊదాను. కాసెట్‌లో ఊదినట్టు. రెండు వైపులా.

రెండు రాత్రులు పోయాయిరా. మూడో రోజు మా మేనల్లుడు, తొమ్మిదేళ్ల పోరడు, షాపుకు వచ్చి ఆ కేబుల్ చూసి, "మామా, ఇది ట్రిమ్మర్‌ది కదా" అన్నాడు. యూఎస్‌బీ కేబుల్‌లో మామూలుగా నాలుగు తీగలు ఉంటాయి, రెండు కరెంటుకు, రెండు డేటాకు. చవకగా వచ్చే కొన్ని చార్జింగ్ కేబుళ్లలో ఆ డేటా తీగలే ఉండవు. లైటేమో చార్జింగ్ అవుతున్నానని చెప్తోంది, నేనేమో దాన్ని ప్రాణం అనుకుంటున్నా. పోరడు ఇంట్లోంచి వాళ్లమ్మ పాత ఫోన్ కేబుల్ తెచ్చి గుచ్చాడు, టింగ్ మని చప్పుడు. విండోస్ బటన్, ఆర్ కలిపి నొక్కి జాయ్ డాట్ సీపీఎల్ అని కొడితే ఒక చిన్న కిటికీ వస్తుంది, అందులో 'వైర్‌లెస్ కంట్రోలర్' అని పేరు పడింది. ప్రాపర్టీస్‌లోకి పోతే ఒక్కో బటన్ నొక్కినప్పుడల్లా ఒక్కో ఎర్ర చుక్క వెలుగుతోంది. నీ డబ్బాలో కేబుల్ కూడా పెట్టాను, ఎర్ర దారం కట్టి ఉంటుంది. ఇంకోటి వాడావో నీ ఇష్టం.

అయిపోయింది అనుకుంటున్నావా? కాంట్రా పెట్టాను, ఇద్దరి ఆట ఎంచుకున్నా, నువ్వు లేకపోయినా అలవాటు. నేను ఎగిరితే నువ్వూ ఎగురుతున్నావు! నీలం పంట్లాం వాడు ఎటు పోతే ఎర్ర పంట్లాం వాడూ అటే. నేను కాలిస్తే వాడూ కాలుస్తున్నాడు. గుచ్చింది ఒక్క కంట్రోలర్, రాత్రి పదకొండున్నర, షాపులో నేనొక్కణ్నే. నిజం చెప్తున్నా, ఒళ్లు జలదరించింది.

పానగల్లు ఛాయా సోమేశ్వరాలయం గుర్తొచ్చింది. పొద్దు ఎటు తిరిగినా గర్భగుడిలో ఆ నీడ కదలదు కదా, ఆ నీడ ఏ స్తంభానిదో కనిపెడతానని నువ్వు ఒక్కో స్తంభం పక్కన నిలబడి చేతులు ఊపావు, సారు చెవి మెలేసి బయటికి పంపాడు. ఇక్కడ మాత్రం నీడ ఎక్కడిదో దొరికింది. ఆ డీఎస్4విండోస్ పనే అది, అసలు కంట్రోలర్‌ను చదివి, లోపల ఒక ఉత్తుత్తి ఎక్స్‌బాక్స్ 360 కంట్రోలర్‌ను పుట్టిస్తుంది. ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ తప్ప వేరేది ఒప్పుకోని ఆటలు పీసీలో చాలా ఉన్నాయి, వాటి కోసం. తప్పు దానిది కాదు, తప్పు కేబుల్ పెట్టి డ్రైవర్ వేసుకున్న నాది. రెట్రోఆర్చ్‌కు అసలుదీ కనిపించింది, నీడా కనిపించింది, ఒకదాన్ని మొదటి పోర్టుకు, రెండోదాన్ని రెండో పోర్టుకు కట్టేసింది. అసలుదాన్ని దాచిపెట్టడానికి హిడ్‌హైడ్ అని ఒకటుంది కానీ అంత అవసరం లేదు, రెట్రోఆర్చ్‌కు పీఎస్4 కంట్రోలర్ సొంతంగానే తెలుసు. ఆ సాఫ్ట్‌వేర్ మూసేయగానే నీ దెయ్యం వదిలింది. నువ్వు అది వెయ్యనే వద్దు.

దానితో ఇంకో తమాషా. కంట్రోలర్ మధ్యలో ఉన్న నున్నటి పలక మీద వేలు జరిపితే మౌస్ కదిలేలా చేస్తుంది అది. నాకు తెలియదు. ఒక పెద్దాయన పహాణీ కాగితం తెచ్చాడు, స్కాన్ చేసి కత్తిరిస్తుంటే తెర మీది బాణం దానంతట అదే మూలకు పారిపోతోంది. పట్టుకొస్తే మళ్లీ పారిపోతోంది. పెద్దాయన అద్దాలు సర్దుకుని, "మీ కంప్యూటర్‌కు చూపు ఆనుతలేదా బిడ్డా?" అన్నాడు. బల్ల కింద చూస్తే పోరడు కంట్రోలర్ పట్టుకుని పలక మీద వేలితో ముగ్గు వేస్తున్నాడు.

సరే, ఇప్పుడు జర జాగ్రత్తగా చదువు, అసలుది ఇక్కడే ఉంది.

దెయ్యం వదిలినా నా బొటనవేలికి సుఖం లేదు. ఎగరాలంటే కాలుస్తున్నా, కాల్చాలంటే ఎగురుతున్నా. రెట్రోఆర్చ్ ఏ కంట్రోలర్‌నైనా సూపర్ నింటెండోది అనుకుంటుంది, కింది బటన్ బి, కుడిది ఏ, ఎడమది వై, పైది ఎక్స్. అంటే పీఎస్4లో ఇంటూ గుర్తు బి, సున్నా గుర్తు ఏ. మన పాత కంట్రోలర్‌లో రెండూ పక్కపక్కన పడుకుని ఉండేవి కదా, వేలు అడ్డంగా వేసి రెండూ ఒక్కసారే నొక్కేవాళ్లం. ఇక్కడ అవి ఏటవాలుగా ఉన్నాయి, అదీ నా వేలికి పడని వైపు. ఎఫ్1 నొక్కి, కంట్రోల్స్‌లోకి పోయి, మొదటి పోర్టులో మార్చుకోవాలి. చదరం గుర్తుకు బి, అంటే కాల్చడం. ఇంటూకు ఏ, అంటే ఎగరడం. మార్చాక రీమ్యాప్ ఫైల్ సేవ్ చేయాలి, నేను మరిచిపోయి మూడుసార్లు మొదటినుంచి చేశాను.

మారుస్తూ ఉండగా, ఏది ఎడమ ఏది కుడి అని అనుమానం వచ్చి, ఇంటికి పోయి సజ్జ మీది అట్టపెట్టె దించాను. మన డబ్బా ఉంది. ఒకటో కంట్రోలర్ ఉంది, రెండోదాని వైరు ఎలుకలు కొరికేశాయి (అప్పుడు కూడా నీ దానికే). కంట్రోలర్ మీద చూశాను. ఎడమది బి. కుడిది ఏ. దాని కిందే నా ఎనిమిదో తరగతి లెక్కల నోట్‌బుక్, వెనక అట్ట మీద నా చేతిరాత: పై పై కింద కింద ఎడమ కుడి ఎడమ కుడి ఏ బి స్టార్ట్.

ఏ. బి.

వాడు ఆ రోజు కంట్రోలర్ చేత్తో పట్టుకుని చూపిస్తూ చెప్పాడు, గుర్తుందా? "ఆఖర్న ఈ రెండు, ముందు ఇది, తర్వాత ఇది" అని ఎడమ నుంచి కుడికి నొక్కాడు. నోట్‌బుక్ నా దగ్గర ఉంది. నేను బటన్ల మీది అక్షరాలు చూడలేదురా. ఏ తర్వాతే కదా బి వచ్చేది అని అట్లాగే రాసేశాను. ఆ వేసవంతా మనం ఆ నోట్‌బుక్ చూసే కొట్టాం.

రాత్రికి రాత్రి షాపుకు పోయి టైటిల్ తెర మీద, ఆఖర్న బి, ఏ, స్టార్ట్ కొట్టాను. మొదటిసారి కుదరలేదు, చేతులు వణికాయి. రెండోసారి కుదిరింది. మరుసటి రోజు పోరణ్ని పక్కన కూర్చోబెట్టుకుని కావాలని చచ్చాను, వాడు వేళ్లు మడిచి లెక్కపెట్టాడు. పది చేతివేళ్లు అయ్యాక కాలివేళ్ల మీదికి పోయాడు, అవీ అయిపోయాయి, నేను ఇంకా లేస్తూనే ఉన్నా. 30 ప్రాణాలు. టోపీ గాడు నిజమే చెప్పాడు. ఇద్దరి ఆటకైతే ఏ తర్వాత ఒకసారి సెలెక్ట్ నొక్కి, అప్పుడు స్టార్ట్.

నిన్ను గద్దను కొట్టినవాడని ఇన్నేళ్లు ఏడిపించాను కదా, బ్యాటిల్ సిటీ ఆటలో మనం కాపాడాల్సిన గద్దను మన ట్యాంకుతోనే కొట్టుకున్నావని. ఇక ఏడిపించను. ఏడిపిస్తాను గానీ కొంచెం తగ్గిస్తా.

ఇంకో రెండు ముక్కలు. ఒకటి, టీవీకి కలిపితే మారియో ప్రతి గుంతలో పడతాడు, నీ చెయ్యి పాడైందని భయపడకు. కొత్త టీవీలు బొమ్మను మెరుగులు దిద్ది చూపించేసరికి ఆలస్యం అవుతుంది, సెట్టింగ్స్‌లో గేమ్ మోడ్ పెట్టు. రెట్రోఆర్చ్‌లో ఆలస్యం తగ్గించే రన్-అహెడ్ అని ఉంటుంది, దాన్ని ఒక్క ఫ్రేమ్ పెట్టు, సెకనుకు 60 ఫ్రేములు కదా, ఆ ఒక్కటి కూడా వేలికి తెలుస్తుందిరా, నమ్ము. రెండు, నెట్‌ప్లే. నేను ఇక్కడ నల్లగొండలో ఆట మొదలుపెడతా, నువ్వు పుణె నుంచి చేరాలి. ఇద్దరి దగ్గరా ఒకే కోర్, ఒకే వెర్షన్, అదే ఆట ఫైల్ ఉండాలి, లేకపోతే కలవదు. శనివారం రాత్రి పది. డబ్బాలో ఉన్నది రెండో కంట్రోలర్, కానీ దీనికి సెలెక్టూ ఉంది, స్టార్టూ ఉంది, షేర్ అని ఉన్నది సెలెక్ట్, ఆప్షన్స్ అని ఉన్నది స్టార్ట్. మన నకలు డబ్బా రెండోదానికి ఆ రెండూ లేక, నీళ్లు తాగి వస్తా ఆపరా అని నువ్వు బతిమాలితే నేను ఆపకపోయేవాణ్ని. ఇప్పుడు ఎన్నిసార్లైనా నొక్కుకో.

ఆ, టోపీ గాడు. వాడు ఇప్పుడు మిర్యాలగూడ దగ్గర ఏదో రైస్ మిల్లులో లెక్కలు చూస్తున్నాడట. రెండు వారాల కింద షాపుకు వచ్చాడు, నన్ను గుర్తుపట్టలేదు. నేను పట్టాను, ఎందుకంటే మళ్లీ టోపీ పెట్టుకున్నాడు, బట్టతల వచ్చింది పాపం. ఆరు జిరాక్సులు తీయించుకున్నాడు. నేను పైసలు వద్దన్నాను. "ఎందుకన్నా?" అన్నాడు. నేను ఏం చెప్పానంటే, అసలు చెబుదామనే నోరు తెరిచాను, అప్పుడే పోరడు కౌంటర్ కింది నుంచి

అరేయ్ కొరియర్ వాడు షట్టర్ దించుతున్నాడు, ఏడున్నరకే మూసేస్తాడు. మిగతాది శనివారం. పెద్దమ్మకు నమస్తే చెప్పు. ఎర్ర దారం కేబుల్, మరిచిపోకు.

ఒకటో నంబర్